పారిపోయిన మనిషికి తలుపు తీసేదెవరు?

"పారిపోయిందండీ, చెప్పాపెట్టకుండా!"

మాదాపూర్, కొండాపూర్, గచ్చిబౌలి అపార్టుమెంట్లలో నలుగురు ఆడవాళ్లు కలిసిన చోట ఈ మాట వినబడుతూనే ఉంటుంది. ఇంట్లోనే ఉండి పనిచేసే అమ్మాయి గురించిన ఫిర్యాదు అది. అదే హైటెక్ సిటీలో ఉద్యోగం చేసే అమ్మాయి పని మానేస్తే ఏమంటాం? 'రిజైన్ చేసింది' అంటాం. పనమ్మాయి మానేస్తే మాత్రం 'పారిపోయింది' అంటాం. ఆలోచించారా ఎప్పుడైనా? పారిపోవడమంటే ఏదో తప్పు చేసి తప్పించుకోవడం. మరి ఇష్టం లేని పని వదిలి వెళ్లడం తప్పెలా అవుతుంది?

ఒకప్పుడు అది నిజంగానే నేరం. పుస్తకంలో రాసిన చట్టం ప్రకారం నేరం! అలాంటి చట్టాన్ని ఎదిరించి కలం పట్టిన స్త్రీలు, పారిపోయి వచ్చినవాళ్లకు తలుపు తీసిన స్త్రీలు అమెరికాలోనూ ఉన్నారు, మన తెలంగాణలోనూ ఉన్నారు. వాళ్ల సంగతి తెలుసుకుంటే 'పారిపోయింది' అనే ముందు ఒక్క క్షణం ఆగుతామేమో!

పట్టిస్తే పది డాలర్లు... వదిలేస్తే అయిదు

అమెరికాలో దక్షిణాది రాష్ట్రాల్లో నల్లవారిని బానిసలుగా కొనడం, అమ్మడం సాగుతున్న రోజులవి. ఉత్తరాది రాష్ట్రాల్లో బానిసత్వం లేదు. అందుకే ప్రాణాలకు తెగించి ఉత్తరానికి పారిపోయేవాళ్లు. అలా వచ్చినవాళ్లను తిరిగి యజమానికి అప్పగించాలని 1793లోనే ఒక చట్టం ఉంది. దక్షిణాది భూస్వాములకు అది చాల్లేదు. 1850లో మరింత కఠినమైన చట్టం తెచ్చుకున్నారు.

ఆ చట్టం ఎంత అన్యాయమో చూడండి. 'ఈ మనిషి నా బానిస' అని యజమాని తరఫువాడు వచ్చి చెబితే చాలు. పట్టుబడిన మనిషికి తన మాట చెప్పుకునే హక్కు లేదు. జ్యూరీ విచారణ లేదు. తీర్పు చెప్పే కమిషనర్, ఆ మనిషిని యజమానికి అప్పగిస్తే అతనికి 10 డాలర్ల ఫీజు. వదిలేస్తే 5 డాలర్లే! అప్పగించేటప్పుడు కాగితాల పని ఎక్కువ కదా అని దానికో సాకు.

పారిపోయిన మనిషికి అన్నం పెట్టినా, ఒక రాత్రి చోటిచ్చినా 1000 డాలర్ల దాకా జరిమానా, ఆరు నెలల దాకా జైలు. అంతేకాదు, వేటగాళ్లు పిలిస్తే దారిన పోయేవాళ్లు కూడా వాళ్లకు సాయపడాలి. అంటే 'నాకెందుకొచ్చిన గొడవ' అని తప్పుకునే వీలు కూడా లేకుండా చేశారన్నమాట. అప్పటిదాకా బానిసత్వం మా ఊళ్లో లేదుగా అని ఊరుకున్న ఇల్లాళ్ల గుమ్మం ముందుకే ఆ పాపం వచ్చి నిలబడింది.

గుమ్మం దాటి కలం దాకా

కోపంతో రగిలిపోయిన వాళ్లలో హారియట్ బీచర్ స్టోవ్ ఒకరు. పిల్లల తల్లి, ఓ ప్రొఫెసరు గారి భార్య. ఇంటిపని, చంటిబిడ్డ సాకుడు మధ్య దొరికిన సమయంలో రాసిన నవలే 'అంకుల్ టామ్స్ క్యాబిన్'. 1851లో ఒక పత్రికలో సీరియల్‌గా మొదలై, 1852లో పుస్తకంగా వచ్చింది. మొదటి ఏడాదిలోనే అమెరికాలో 3 లక్షల ప్రతులు అమ్ముడుపోయాయి. బిడ్డను అమ్మేస్తారని తెలిసి, వాణ్ణి చంకనేసుకుని గడ్డకట్టిన నదిపై మంచుపలకల మీంచి దూకుతూ పారిపోయే తల్లి ఎలైజా కథ చదివి కంటతడి పెట్టని ఇల్లాలు లేదట. ఆ తల్లిని పట్టివ్వాలంటుంది చట్టం. చదివిన తల్లి మనసు ఒప్పుకుంటుందా?

స్టోవ్ చూసి రాసింది. హారియట్ జేకబ్స్ అనుభవించి రాసింది. నార్త్ కరోలినాలో బానిసగా పుట్టిన ఈమె, యజమాని వెకిలి చేష్టలు భరించలేక పారిపోయింది. ఎక్కడికి? అదే ఊళ్లో అమ్మమ్మ ఇంటి అటక మీదికి! నిలబడటానికి కూడా వీల్లేని ఆ అటక మీద దాదాపు ఏడేళ్లు దాక్కుంది. చెక్కలో చిన్న కన్నం చేసుకుని కింద ఆడుకుంటున్న తన పిల్లలను చూసుకునేది. అమ్మ తమ నెత్తి మీదే ఉందని ఆ పసివాళ్లకు తెలియదు. 1842లో ఉత్తరానికి చేరింది. 1861లో మారుపేరుతో తన కథను పుస్తకంగా వేసింది. ఆమె చెప్పిందంతా కట్టుకథేనని, ఎవరో తెల్లావిడ రాసిపెట్టిందని చాలాకాలం అన్నారు. నూటఇరవై ఏళ్ల తర్వాత, 1980లలో, జీన్ ఫేగన్ యెలిన్ అనే పరిశోధకురాలు ఉత్తరాలు, రికార్డులు వెతికి అది అక్షరాలా ఆమె రాసిందేనని నిరూపించారు. ఆడదాని మాట నమ్మడానికి లోకానికి అంతకాలం పట్టింది!

ఎలెన్ క్రాఫ్ట్ ధైర్యం ఇంకో రకం. ఒంటి రంగు తెల్లగా ఉండటంతో, 1848 డిసెంబర్‌లో మగ జమీందారులా వేషం వేసుకుంది. భర్త విలియం ఆమె నౌకరులా నటించాడు. ఆమెకు రాయడం రాదు. హోటల్లో సంతకం పెట్టమంటే? అందుకని కుడిచేతికి దెబ్బ తగిలినట్టు కట్టు కట్టుకుంది. రైళ్లు, పడవలు మారి, క్రిస్మస్ రోజున ఫిలడెల్ఫియా చేరారు. ఆ తర్వాత బోస్టన్‌లో స్థిరపడ్డారు. 1850 చట్టం రాగానే వాళ్ల కోసం వేటగాళ్లు బోస్టన్ వచ్చేశారు. ఊళ్లోవాళ్లు ఆ దంపతులను ఇళ్లు మార్చి మార్చి దాచిపెట్టి, వేటగాళ్లను ఊరొదిలిపోయేలా చేశారు. చివరకు వాళ్లు ఇంగ్లండ్‌కు తరలిపోవాల్సి వచ్చింది.

1849లో తాను తప్పించుకుని, మళ్లీ మళ్లీ వెనక్కి వెళ్లి సుమారు 70 మందిని విడిపించుకొచ్చిన హారియట్ టబ్‌మన్ పేరు వినే ఉంటారు. కొత్త చట్టం వచ్చాక ఉత్తరాది కూడా నమ్మదగ్గది కాదని, ఆమె వాళ్లను ఏకంగా కెనడా దాకా నడిపించింది. ఆ చట్టం 1864లో రద్దయింది. మరుసటి ఏడాది బానిసత్వమే రద్దయింది.

మన దగ్గర పేర్లు వేరు

'అదంతా అమెరికా గొడవ, మనకెందుకు?' అంటారా? వెట్టి, భాగేలా, జీతగాడు, పాలేరు... ఈ మాటలు మనవే కదా!

నిజాం కాలంలో తెలంగాణ పల్లెల్లో దొర ఇంటికి ఒక్కో కులం ఒక్కో చాకిరీ ఊరికే చేయాలి. చాకలి బట్టలుతకాలి, కుమ్మరి కుండలివ్వాలి, మాదిగ చెప్పులు కుట్టాలి. ఇదీ వెట్టి. పెళ్లికో చావుకో నాలుగు రూపాయలు అప్పు తీసుకుని, అది తీరేదాకా దొర దగ్గర పనిచేస్తానని ఒప్పుకుంటే భాగేలా. అప్పు తీరేదీ లేదు, పని ఆగేదీ లేదు. తండ్రి పోతే కొడుకు ఆ కాడి మోయాలి. పటేలు, పట్వారీ, పోలీసు... అందరూ దొర మాట వినేవాళ్లే. పారిపోయి ఎవరికి చెప్పుకోవాలి?

ఆడపిల్లల బతుకు ఇంకా ఘోరం. దొరసాని ఇంట్లో ఊడిగం చేసే అమ్మాయిని 'ఆడబాప' అనేవారు. దొర కూతురికి పెళ్లయితే సారెతో పాటు ఆడబాపను కూడా అత్తవారింటికి పంపేవారు. మంచం, బిందె, ఆడబాప! ఆ అమ్మాయికి పెళ్లి లేదు, పేరంటం లేదు. మగవాళ్ల కోరికలకు కాదనే హక్కూ లేదు. అటక మీద దాక్కున్న హారియట్ జేకబ్స్ కథ మన ఆడబాపకు చెబితే, ఎవరి గురించి చెబుతున్నారో ఆమె ఇట్టే పోల్చుకునేది.

అటు బ్రిటిష్ పాలనలో ఉన్న ప్రాంతంలోనూ ఇలాంటి చట్టమే ఒకటి ఉండేది. 1859లో వచ్చిన ఆ చట్టం ప్రకారం, అడ్వాన్సు తీసుకున్న కూలీ పని వదిలి వెళ్తే మేజిస్ట్రేటు ముందుకు ఈడ్చుకొస్తారు. పనైనా చేయాలి, డబ్బైనా కట్టాలి. లేదంటే మూడు నెలల దాకా జైలు. ముందు మద్రాసు, కలకత్తా, బొంబాయి పట్నాలకని పెట్టి, తర్వాత ఇతర చోట్లకూ పాకించారు. 1925లో దాన్ని రద్దు చేసే చట్టం వచ్చేదాకా కూలీ పని మానేయడం నేరంగానే ఉండిపోయింది.

మన వాళ్లూ రాశారు

తెలంగాణలోనూ కలాలు కదిలాయి. 1921లో హైదరాబాదులో పుట్టిన ఆంధ్ర జనసంఘం మొదట చేపట్టిన పనుల్లో వెట్టిచాకిరీ మీద ప్రచారం ఒకటి. మాడపాటి హనుమంతరావు గారి బృందం చేసిన పని చాలా తెలివైంది. వెట్టిని కట్టడి చేస్తూ ప్రభుత్వమే ఇచ్చిన ఉత్తర్వులను అచ్చేసి ఊళ్లకు పంచింది. 'ఇది మా మాట కాదు, సర్కారు మాటే' అని జనానికి చదివి వినిపించడమన్నమాట! 1926లో సురవరం ప్రతాపరెడ్డి గారి సంపాదకత్వంలో గోలకొండ పత్రిక మొదలైంది. 1930లో జోగిపేటలో ఆంధ్ర మహాసభ మొదటి సమావేశం జరిగినప్పుడు, పక్కనే మహిళా సభ కూడా జరిగింది. దానికి నడింపల్లి సుందరమ్మ గారు అధ్యక్షురాలు.

తర్వాత నవలలొచ్చాయి. వట్టికోట ఆళ్వారుస్వామి 'ప్రజల మనిషి'లో వెట్టి బతుకులను చూపించారు. దాశరథి రంగాచార్య 'చిల్లర దేవుళ్లు'లో ఆడబాప వనజను పాత్రగా నిలబెట్టారు. అంతదాకా సారె సామాన్లలో ఒకటిగా ఉన్న అమ్మాయికి ఒక పేరు, ఒక మనసు ఉన్నాయని పాఠకులకు తెలిసింది అక్కడే.

రాతతో పాటు తిరుగుబాటూ వచ్చింది. పాలకుర్తిలో చాకలి ఐలమ్మ విస్నూరు దేశ్‌ముఖ్‌కు ఎదురు నిలిచింది. కౌలు పొలంలో తాను పండించిన పంటను దొర మనుషులు ఎత్తుకుపోవడానికి వస్తే, సంఘం కార్యకర్తల అండతో ధాన్యం ఇంటికి చేర్చుకుంది. 1946లో కడవెండిలో దొడ్డి కొమరయ్య నేలకొరిగాక పోరాటం ఊరూరా పాకింది. సంఘం నిలబడ్డ ఊళ్లలో వెట్టి ఆగిపోయింది. ఆ రోజుల్లో తలదాచుకోవడానికి వచ్చిన వాళ్లకు అర్ధరాత్రి తలుపు తీసి, ఉన్న గటకలోనే ఇంత పెట్టిన ఇల్లాళ్లు ఎందరో!

ఆ ఇల్లాళ్ల గొంతు చాలాకాలం ఎక్కడా నమోదు కాలేదు. 1986లో స్త్రీశక్తి సంఘటన సభ్యులు వాళ్లను వెతుక్కుంటూ వెళ్లి, వాళ్ల మాటల్లోనే 'మనకు తెలియని మన చరిత్ర' పుస్తకం తెచ్చారు. ఐలమ్మ మాట కూడా అందులో ఉంది. 2024లో కోఠి మహిళా విశ్వవిద్యాలయానికి ఆమె పేరే పెట్టారు.

ఏడుతరాల కథ, ఇబ్రహీంపట్నం వ్యథ

1976 మన కథలో ముఖ్యమైన సంవత్సరం. ఆ ఏడాదే అమెరికాలో అలెక్స్ హేలీ 'రూట్స్' వచ్చింది. ఆ ఏడాదే మన పార్లమెంటు వెట్టిచాకిరీ నిర్మూలన చట్టం చేసింది. రూట్స్‌ను సహవాసి 'ఏడుతరాలు'గా తెలుగు చేశారు. హైదరాబాద్ బుక్ ట్రస్ట్ ప్రచురించిన ఆ పుస్తకాన్ని తెలుగువాళ్లు ఎంతగా చదివారో చెప్పక్కర్లేదు. పారిపోయిన ప్రతిసారీ పట్టుబడి, చివరకు పాదం నరికించుకున్న కుంటా కింటేను మనవాళ్లు మరచిపోలేదు.

ఆ బుక్ ట్రస్ట్‌ను మొదలుపెట్టిన వాళ్లలో ఒకరైన గీతా రామస్వామి 1980లలో ఇబ్రహీంపట్నం తాలూకాకు వెళ్లారు. ఎంతో దూరం కాదు, హైటెక్ సిటీ ఉన్న రంగారెడ్డి జిల్లాలోనే. కూలీలతో కలిసి సంఘం కట్టి, జీతగాళ్ల విడుదల కోసం, కనీస కూలీ కోసం పోరాడారు. చేతిలో ఉన్న ఆయుధం? ఆ 1976 చట్టమే. దాన్ని కాగితం మీద ఉండనివ్వకుండా పల్లెలకు తీసుకెళ్లాలని తపించిన అధికారి ఎస్.ఆర్. శంకరన్. సాంఘిక సంక్షేమ శాఖలో ఆయన చేసిన పనిని దళితవాడల్లో ఇవాళ్టికీ తలుచుకుంటారు.

ఆ చట్టంలో వెట్టి రకాల జాబితా ఒకటుంది. అందులో వెట్టి, భాగేలా, జీత, పాలేరు అన్న మాటలు ఉన్నాయి. మన ఊరి మాటలు దేశం మొత్తానికి వర్తించే చట్టంలోకి ఎక్కాయి! ఇక చట్టం చెప్పేది తేలిగ్గా చెప్పుకుందాం:

• అప్పు లేదా అడ్వాన్సు చూపించి మనిషిని పనిలో కట్టిపడేయడం నేరం. మూడేళ్ల దాకా జైలు, 2000 రూపాయల దాకా జరిమానా.

• వెట్టి కోసం ఇచ్చిన ఆ అప్పు రద్దయినట్టే. తిరిగి కట్టక్కర్లేదు.

• 'ఇది వెట్టి కాదు' అని నిరూపించుకోవలసింది అప్పిచ్చినవాడే, కూలీ కాదు.

అమెరికా చట్టంతో పోల్చి చూడండి. అక్కడ పారిపోయిన మనిషి నోరెత్తకూడదు. ఇక్కడ ఆమె మాటే ముందు వినాలి. ఇంకొకటి. కనీస వేతనం కంటే తక్కువిచ్చి పని చేయించుకోవడం కూడా బలవంతపు చాకిరీయేనని 1982లో సుప్రీంకోర్టు ఏషియాడ్ కూలీల కేసులో తేల్చింది.

అద్దాల మేడల నీడలో

1998 నవంబర్‌లో సైబర్ టవర్స్ ప్రారంభమయ్యాక ఈ రాళ్లగుట్టల రూపమే మారిపోయింది. నానక్‌రామ్‌గూడ, కోకాపేట వైపు ఆకాశాన్నంటే మేడలు లేస్తున్నాయి. కట్టేదెవరు? ఒకప్పుడు దేశంలోని ప్రాజెక్టులకెల్లా 'పాలమూరు లేబర్'గా పేరుపడ్డ మన మహబూబ్‌నగర్ కూలీలు. గుంపు మేస్త్రీ ఊరికి వచ్చి అడ్వాన్సు ఇచ్చి తీసుకుపోయేవాడు. ఇప్పుడు ఒడిశా, బీహార్, జార్ఖండ్‌ల నుంచి వచ్చినవాళ్లే ఎక్కువగా కనిపిస్తారు. అడ్వాన్సు పద్ధతి మాత్రం పోలేదు.

అడ్వాన్సు తీసుకోవడం తప్పు కాదు, ఇవ్వడమూ తప్పు కాదు. బాకీ తీరేదాకా గేటు దాటకూడదన్నప్పుడు, ఆధార్ కార్డు లాక్కుని పెట్టుకున్నప్పుడు, ఫోను ఇవ్వనప్పుడు అది వెట్టి అవుతుంది. మన ఇంట్లో ఉన్న అమ్మాయి విషయంలోనూ అంతే. ఏజెంటుకు వేలు పోశాం కాబట్టి ఏడాది దాకా కదలకూడదనడం, బయటికెళ్తూ ఆమెను లోపల పెట్టి తాళం వేయడం... 'భద్రత కోసం' అని మనకు మనం చెప్పుకున్నా, చట్టానికి అది నిర్బంధమే. ఇక 14 ఏళ్ల లోపు పిల్లలను ఇంటి పనికి పెట్టుకోవడమే నేరం.

మరి మన అమ్మాయిలు సాఫ్ట్‌వేర్ కంపెనీల్లో రాసిచ్చే బాండ్ల మాటేమిటి? దాన్ని వెట్టితో పోల్చడం అన్యాయం. ఇక్కడ చదువుంది, జీతముంది. అయినా ఒక సంగతి గుర్తుంచుకోవాలి. ముందే మానేస్తే న్యాయమైన పరిహారం అడిగే హక్కు కంపెనీకి ఉండవచ్చు. ఇష్టం లేని మనిషితో బలవంతంగా ఉద్యోగం చేయించమని మాత్రం ఏ కోర్టూ చెప్పదు.

పారిపోవడం ఈ రోజుకీ నేరమయ్యే చోటు ఒకటుంది. కడప, గోదావరి జిల్లాల నుంచి ఇంటిపనికి కువైట్ వెళ్లే మన ఆడవాళ్లను అడగండి. అక్కడ వీసా యజమాని పేరుతో ముడిపడి ఉంటుంది. కొట్టినా, జీతం ఎగ్గొట్టినా భరించలేక గుమ్మం దాటితే, 'పారిపోయింది' అని యజమాని ఫిర్యాదు చేయవచ్చు. అంతే, బాధితురాలు కాస్తా నేరస్తురాలవుతుంది. ఒక్క మాట మనిషిని ఏం చేయగలదో చూశారా? అక్కడ చిక్కుకున్న వాళ్లకు తలదాచుకునే చోటు భారత రాయబార కార్యాలయం. ఇక్కడి బంధువులు విదేశాంగ శాఖ 'మదద్' పోర్టల్‌లో ఫిర్యాదు నమోదు చేయవచ్చు.

మనం చేయగలిగింది

ఎవరో అమ్మాయి భయపడుతూ మీ తలుపు తట్టింది. పక్క ఫ్లాట్లో పనిచేస్తుంది, తాళమేసి ఉంచుతున్నారంటోంది. ఏం చేస్తారు? 'వాళ్లూ మనూ రోజూ మొహాలు చూసుకోవాలి కదా' అనిపించడం సహజం. కానీ అలా వచ్చిన అమ్మాయికి చోటిస్తే ఈ రోజు జైలు లేదు, జరిమానా లేదు. చట్టం ఆమె వైపు ఉంది. మీ వైపూ ఉంది.

ముందు లోపలికి పిలిచి మంచినీళ్లివ్వండి. ఆమె మాట పూర్తిగా వినండి. 'వాళ్లకు ఫోన్ చేసి కనుక్కుంటానుండు' అని మాత్రం అనకండి. ఆపదలో ఉంటే 112కు, మహిళలైతే 181కి, పిల్లలైతే 1098కి ఫోన్ చేయండి. వెట్టి అని అనుమానముంటే కలెక్టరుకు లేదా ఆర్డీఓకు కాగితం రాసివ్వండి. విచారించి విడుదల పత్రం ఇవ్వవలసింది వాళ్లే. విడుదలైన వాళ్లకు కేంద్ర పథకం కింద 30,000 రూపాయల దాకా తక్షణ సాయం అందుతుంది. ఆ తర్వాత పునరావాసానికి ఆడవాళ్లకు, పిల్లలకు 2 లక్షలు, మరీ ఘోరమైన కేసుల్లో 3 లక్షల దాకా ఇచ్చే ఏర్పాటుంది.

మన ఇంటి సంగతి కూడా ఒకసారి చూసుకుందాం. పనమ్మాయికి ఇచ్చిన అడ్వాన్సు, నెలనెలా పట్టుకున్నది ఒక చిన్న నోటుబుక్కులో రాసి ఆమెకూ ఒక కాపీ ఇవ్వండి. జీతం ఏజెంటు చేతికి కాకుండా ఆమె చేతికో, ఆమె బ్యాంకు ఖాతాలోకో వేయండి. వారానికో రోజు సెలవివ్వండి. ఆధార్ కార్డు ఆమె దగ్గరే ఉండనివ్వండి. ఇంటి తాళంచెవి ఒకటి ఆమె చేతిలో ఉండనివ్వండి. ఒక రోజు వచ్చి 'అమ్మా, నేను మానేస్తాను' అంటే లెక్క చూసి, రావలసింది చేతిలో పెట్టి పంపండి. ఎదురింటివాళ్లు అడిగితే, 'మానేసింది' అనండి.